జాన్ ములేన్ జీవితం: తరచుగా అడిగే ప్రశ్నలు

రెండవ ప్రపంచ యుద్ధంలో జర్మన్ ఆక్రమణను ఎదిరించిన ఫ్రెంచి రహస్య ప్రతిఘటనోద్యమం ప్రస్తావనకు వచ్చినప్పుడల్లా జాన్ ములేన్ పేరు వస్తుంది. ఆ పేరు వెంట అవే సందేహాలు మళ్ళీ మళ్ళీ వస్తున్నందువల్ల ఈ పేజీ తయారైంది. ప్రశ్నలను ఆయన జీవిత దశల వారీగా అమర్చాము. ఏ జవాబుకు ఆ జవాబు విడిగా చదువుకున్నా అర్థమవుతుంది.

## యుద్ధానికి ముందు

అసలు జాన్ ములేన్ ఎవరు? క్లుప్తంగా చెప్పండి.

ఫ్రాన్సులో జిల్లా పాలనాధికారిగా పనిచేస్తూ, జర్మన్లు దేశాన్ని ఆక్రమించాక అజ్ఞాతంలోకి వెళ్ళి, ఒకరినొకరు నమ్మని ప్రతిఘటన సంఘాలను, లండన్ నుంచి పోరు నడుపుతున్న ఫ్రెంచి సేనాని జనరల్ డీగాల్ నాయకత్వం కిందకు తెచ్చిన వ్యక్తి. 1899 జూన్ 20న పుట్టాడు. 1943 జూన్‌లో లియోన్ నగర శివారులో పట్టుబడి, చిత్రహింసల వల్ల జులై 8న మరణించాడు. అప్పటికి ఆయన వయసు 44 ఏళ్ళు.

ఆయన కుటుంబ నేపథ్యం ఏమిటి?

దక్షిణ ఫ్రాన్సులోని బెజియే పట్టణం ఆయన స్వస్థలం. తండ్రి చరిత్ర ఉపాధ్యాయుడు, గట్టి గణతంత్రవాది, స్థానిక రాజకీయాల్లో చురుకైన మనిషి. ముగ్గురు సంతానంలో జాన్ చివరివాడు. అన్న జోసెఫ్ 1907లో చనిపోయాడు. అక్క లోర్ చివరిదాకా తమ్ముడికి అండగా నిలిచి, అజ్ఞాత కాలంలో ఆయన రహస్య పనుల్లో సాయపడి, తరువాత ఆయన జీవిత చరిత్ర కూడా రాసింది. మోంపెలియేలో న్యాయశాస్త్రం చదువుతూనే 1917లో అక్కడి ప్రిఫెక్టు కార్యాలయంలో చిన్న ఉద్యోగంలో చేరాడు. 1918లో సైన్యంలోకి తీసుకున్నారు గాని, యుద్ధరంగానికి వెళ్ళి పోరాడే లోపే మొదటి ప్రపంచ యుద్ధం ముగిసింది. 1926లో చేసుకున్న పెళ్ళి రెండేళ్ళకే విడాకులతో ముగిసింది.

ప్రిఫెక్టు అంటే మన కలెక్టరేనా?

దాదాపు అంతే. ఫ్రాన్సులో జిల్లా స్థాయి విభాగానికి ప్రభుత్వ ప్రతినిధిగా ఉండి, శాంతిభద్రతలు మొదలుకొని విపత్తు సహాయం వరకు అన్నీ చూసే అధికారి ప్రిఫెక్టు. అయితే ఈ పదవి పోటీ పరీక్ష రాసి వచ్చేది కాదు. మంత్రివర్గం నియమించేది, వద్దనుకుంటే మర్నాడే తీసేసేది. అందువల్ల రాజకీయ నాయకులతో మాట్లాడి ఒప్పించడం, ఎవరి మనసులో ఏముందో పసిగట్టడం ఆ ఉద్యోగంలో భాగం. ములేన్ 1925లో అల్బెర్‌విల్‌లో సబ్ ప్రిఫెక్టు అయ్యేనాటికి దేశంలో ఆ హోదాలో ఉన్నవారందరిలో చిన్నవాడు. 1937లో అవేరాన్ జిల్లాకు వెళ్ళినప్పుడు ప్రిఫెక్టులలో కూడా ఆయనే చిన్నవాడు. 1939 జనవరిలో పారిస్‌కు నైరుతిగా ఉన్న షార్త్ర్ నగరానికి బదిలీ అయ్యాడు. తరువాతి కాలంలో ఆయన చేసిన ఘనకార్యానికి పునాది ఈ ఇరవయ్యేళ్ళ కచేరీ అనుభవమే అని నా అభిప్రాయం. వీరగాథలు చెప్పేవారు దీన్ని ఒక్క వాక్యంలో దాటేస్తారు.

బొమ్మలు వేసేవాడని విన్నాం, నిజమేనా?

నిజమే, బాగా వేసేవాడు. అధికారి పేరుతో వ్యంగ్య చిత్రాలు అచ్చు వేయించడం కుదరదు గనుక ‘రొమానాన్’ అని సంతకం చేసేవాడు. అది తమ కుటుంబానికి ఇల్లున్న సాంత్ ఆంద్యోల్ గ్రామానికి దగ్గరలోని ఒక శిథిల కోట పేరు. బ్రెటన్ ప్రాంతంలోని షాతోలాన్‌లో సబ్ ప్రిఫెక్టుగా ఉన్న రోజుల్లో అక్కడి కవులు, చిత్రకారులతో స్నేహం కలిసి, త్రిస్తాన్ కోర్బియేర్ కవితలకు రాగిరేకు చిత్రాలు చెక్కాడు. ఈ కళ తరువాత మరో విధంగా పనికొచ్చింది. 1943 ఫిబ్రవరిలో నీస్ నగరంలో ‘రొమానాన్’ పేరుతోనే ఒక ఆర్ట్ గ్యాలరీ తెరిచాడు. ఊరూరా తిరిగే మనిషిని పోలీసులు ఆపి అడిగితే చిత్రాల వ్యాపారినని చెప్పుకోవడానికి అది ఆధారం.

యుద్ధానికి ముందు రాజకీయాల్లో ఉన్నాడా?

ఎన్నికల్లో పోటీ చేయలేదు గాని, విమానయాన మంత్రి పియర్ కో కార్యాలయంలో ముఖ్య సహాయకుడిగా పనిచేశాడు. 1936లో స్పెయిన్‌లో అంతర్యుద్ధం మొదలైనప్పుడు ఫ్రాన్సు బహిరంగంగా జోక్యం చేసుకోకూడదని నిర్ణయించుకుంది. అయినా అక్కడి గణతంత్ర ప్రభుత్వానికి విమానాలు గుట్టుగా చేరవేసే ఏర్పాట్లలో ఈ కార్యాలయం పాలుపంచుకుంది. కాగితాల మీద కనబడకుండా పని జరిపించడం ఆయనకు అక్కడే అలవాటైంది.

## 1940: ఓటమి, తొలి నిరాకరణ

షార్త్ర్‌లో జర్మన్లు ఆయన్ను ఎందుకు కొట్టారు?

ఒక అబద్ధపు కాగితం మీద సంతకం పెట్టనన్నందుకు. 1940 జూన్ 17న జర్మన్ సైన్యం షార్త్ర్‌లో ప్రవేశించేసరికి జనంలో అత్యధికులు ఊరు వదిలి పారిపోయారు. ప్రిఫెక్టు మాత్రం కార్యాలయంలోనే ఉన్నాడు. జర్మన్ అధికారులు ఆయన్ను పిలిపించి, ఫ్రెంచి సైన్యంలోని ఆఫ్రికన్ సిపాయిలు, అంటే సెనెగల్ దళాల వారు, స్త్రీలను చెరిచి పిల్లలను చంపారని రాసి ఉన్న పత్రం ముందు పెట్టారు. రుజువు అడిగితే లా తాయ్ అనే కుగ్రామానికి తీసుకువెళ్ళి ఛిద్రమైన శవాలను చూపించారు. ఆ గాయాలు బాంబు దాడి వల్ల అయినవని ములేన్ చూడగానే గ్రహించాడు, సంతకానికి ఒప్పుకోలేదు. గంటల తరబడి తుపాకీ మడమలతో, పిడికిళ్ళతో కొట్టి, ఆ శవాల పక్కనే కొంతసేపు బంధించి, రాత్రికి ఒక సెనెగల్ సిపాయితో కలిపి గదిలో పెట్టి తాళం వేశారు.

మర్నాడు మళ్ళీ కొడితే తట్టుకోలేక సంతకం పెట్టేస్తానేమోనని ఆయన భయపడ్డాడు. నేల మీద పడివున్న పగిలిన అద్దం పెంకుతో గొంతు కోసుకున్నాడు. తెల్లవారుజామున కాపలావాడు చూడటంతో ఆసుపత్రికి చేర్చారు, బతికాడు. పత్రం మీద సంతకం పడలేదు. ఈ సంఘటనను 1941లో ఆయనే స్వయంగా రాసి దాచిపెట్టాడు. అది 1947లో డీగాల్ ముందుమాటతో అచ్చయింది.

ఓడిపోయిన దేశపు అధికారి, ఊరు కాలిపోతున్న వేళ, తనకు ముఖపరిచయమైనా లేని ఆఫ్రికన్ సైనికుల పరువు కోసం ప్రాణం ఇవ్వబోయాడన్నది ఈ కథలో గమనించవలసిన సంగతి.

టోపీ, మఫ్లరుతో ఉన్న ఆ ప్రసిద్ధ ఫొటోలో మఫ్లరు గొంతు మీది మచ్చను దాచడానికేనా?

కాదు. ఈ పొరపాటు చాలా పుస్తకాల్లోనూ కనిపిస్తుంది. ఆ ఫొటోను చిన్ననాటి స్నేహితుడు మార్సెల్ బెర్నార్ మోంపెలియేలో చలికాలంలో తీశాడు. అప్పటికి షార్త్ర్ సంఘటన జరగలేదు, గొంతు మీద మచ్చే లేదు. చలికి చుట్టుకున్న మఫ్లరు అది. గాయమయ్యాక ఆయన మెడను కప్పుకునే మాట నిజమే గాని, ఈ ఫొటో అందుకు సాక్ష్యం కాదు.

విషీ ప్రభుత్వం కింద కొన్నాళ్ళు ఉద్యోగం చేశాడు కదా, అది మచ్చ కాదా?

ఓటమి తరువాత జర్మన్లతో రాజీపడి మార్షల్ పెతాన్ నడిపిన విషీ ప్రభుత్వం 1940 నవంబరు 2న ఆయన్ను పదవి నుంచి తొలగించేదాకా ఆయన ప్రిఫెక్టుగానే ఉన్నాడు. ఆహారం, నీరు, తిరిగివచ్చే శరణార్థులు, ఇవన్నీ ఎవరో ఒకరు చూడవలసిన పనులు. పాత గణతంత్రానికి విధేయుడన్న పేరు ఉన్నందువల్ల కొత్త పాలకులు ఆయన్ను నమ్మలేదు. ఆ నెలలన్నిటినీ వీరోచిత కాలంగా చూపించనవసరం లేదు. ఆక్రమణ కింద ఉద్యోగంలో కొనసాగిన ప్రతి అధికారికీ ఆ చిక్కు తప్పలేదు, ములేన్ మినహాయింపు కాదు.

## లండన్ ప్రయాణం

లండన్‌కు ఎందుకు వెళ్ళాడు, ఎలా వెళ్ళాడు?

ఉద్యోగం పోయాక దక్షిణ ఫ్రాన్సులో తిరుగుతూ, అప్పుడప్పుడే పుడుతున్న ప్రతిఘటన బృందాల వారిని కలిశాడు. వారిలో ముఖ్యుడు ఆన్రీ ఫ్రెనే అనే సైనికాధికారి. వారికి ధైర్యం ఉంది, రహస్య పత్రికలున్నాయి. డబ్బు, వైర్‌లెస్ సెట్లు, ఆయుధాలు లేవు. ఈ పరిస్థితిని లండన్‌కు వివరించాలని 1941 సెప్టెంబరులో జోసెఫ్ మెర్సియే అనే మారుపేరు గల పాస్‌పోర్టుతో స్పెయిన్ దాటి లిస్బన్ చేరి, అక్టోబరులో ఇంగ్లండులో దిగాడు. అదే నెల 25న డీగాల్‌ను కలిశాడు.

ముక్కూ మొహం తెలియని మనిషిని డీగాల్ ఎలా నమ్మాడు?

అప్పటిదాకా డీగాల్ దగ్గరికి వచ్చినవారిలో ఎక్కువమంది సైనికులు, సాహస యువకులు. ఫ్రాన్సు లోపల ఏ సంఘం ఎంత బలంగా ఉంది, దానికి ఏం కావాలి అని క్రమపద్ధతిలో నివేదిక రాసి తెచ్చిన ప్రిఫెక్టు స్థాయి వ్యక్తి అరుదు. డీగాల్‌కు కావలసింది సరిగ్గా అదే: రాజ్యం ఎలా నడుస్తుందో తెలిసిన మనిషి. నాటికి ఆక్రమణలో లేని దక్షిణ మండలానికి తన ప్రతినిధిగా నియమించాడు.

తిరిగి పారాచ్యూట్‌తో దిగాడట?

అవును. 1942 జనవరి 1, 2 తేదీల మధ్య రాత్రి, దక్షిణాన ఆల్పీయ్ కొండల ప్రాంతంలో, కింద ఎదురుచూసేవారెవరూ లేకుండా, మరో ఇద్దరితో కలిసి విమానం నుంచి దూకాడు. ఆయన దిగింది బురద నేలలో. డీగాల్ ఆదేశాలను సూక్ష్మచిత్రాలుగా మార్చి అగ్గిపెట్టెలో దొంగ అర చేసి దాచి తెచ్చాడు. ఫ్రెనే లాంటివారికి ఆ అగ్గిపెట్టెలోని కాగితాన్ని భూతద్దం పెట్టి చూపించి, తన అధికారాన్ని రుజువు చేసుకున్నాడు.

రెక్స్, మాక్స్ ఇద్దరూ ఒకరేనా?

ఒకరే. సంకేత నామం మొదట రెక్స్, 1943లో మాక్స్. గుర్తింపు కార్డుల మీద వేరే పేర్లు ఉండేవి. అరెస్టయినప్పుడు జేబులో ఉన్న కార్డు మీద పేరు జాక్ మార్తెల్, వృత్తి అలంకరణ చిత్రకారుడు.

## ఏకీకరణ

సంఘాలన్నీ ఒకే శత్రువుతో పోరాడుతున్నాయి కదా, కలపడం ఎందుకంత కష్టమైంది?

దక్షిణ మండలంలో మూడు పెద్ద సంఘాలుండేవి: ఫ్రెనే నడిపిన ‘కోంబా’, ఎమ్మాన్యుయేల్ దాస్తియే నడిపిన ‘లిబెరాసియోన్’, జాన్ పియర్ లెవీ నడిపిన ‘ఫ్రాన్ తిరెర్’. ఒకరు సైనికుడు, ఒకరు వామపక్ష పత్రికా రచయిత, ఒకరు వ్యాపార సంస్థ ఉద్యోగి. ప్రతి ఒక్కరూ సున్నా నుంచి, ప్రాణాలకు తెగించి సొంత సంఘాన్ని కట్టుకున్నవారే. లండన్ నుంచి దిగిన ఒక అధికారి వచ్చి ‘మీ సాయుధ దళాలను విడదీసి ఒకే సైన్యంగా చేయండి, దాని మీద పెత్తనం మీది కాదు’ అంటే మింగుడుపడదు. దీనికి తోడు పాత రాజకీయ పక్షాలంటే సంఘాలకు అసహ్యం, 1940 ఓటమికి కారకులు వారేనని.

ములేన్ మెల్లగా పని చేశాడు. లండన్ పంపే డబ్బు, వైర్‌లెస్, విమాన సదుపాయం అన్నీ తన చేతి మీదుగా నడిచేలా చూసుకున్నాడు. కలిసివచ్చినవారికి సాయం అందుతుందని మాటల్లో చెప్పకుండానే అర్థమయ్యేది. ఒక వార్తా విభాగం, యుద్ధం తరువాతి పాలన గురించి ఆలోచించే ఒక అధ్యయన సంఘం, విమానాలను దించుకునే ఒక విభాగం, ఇలా అందరికీ ఉపయోగపడే సేవలను సంఘాలకు బయట ఏర్పాటు చేశాడు. 1942 చివరికి రిటైర్డ్ జనరల్ దెలెస్త్రాన్ అధిపతిగా ‘రహస్య సైన్యం’ ఏర్పడింది. 1943 జనవరిలో మూడు సంఘాలూ ఒకే సమాఖ్యగా కలిశాయి.

ఫ్రెనేకూ ములేన్‌కూ ఎందుకు పడలేదు?

ఫ్రెనే దృష్టిలో ప్రతిఘటన ఒక కొత్త రాజకీయ శక్తి, దాన్ని లండన్ గుమాస్తాల చేతిలో పెట్టకూడదు. ములేన్ దృష్టిలో ఒకే రాజ్యం, ఒకే సైన్యం లేకపోతే విమోచన నాటికి ఫ్రాన్సు మాట మిత్రదేశాలు వినవు. డబ్బు విషయంలో ఈ గొడవ ముదిరింది. 1943లో ఫ్రెనే వర్గం స్విట్జర్లాండులోని అమెరికన్ నిఘా వారి నుంచి నేరుగా నిధులు తెచ్చుకోబోతే ములేన్ తీవ్రంగా అభ్యంతరపెట్టాడు. ఇద్దరి వాదనలోనూ బలం ఉంది. అయితే ఆ నాటి పరిస్థితిలో ములేన్ లెక్కే సరైనదనిపిస్తుంది.

ఆయన స్వయంగా తుపాకీ పట్టి పోరాడాడా?

లేదు. వంతెనలు పేల్చినట్టు, జర్మన్ అధికారులను కాల్చినట్టు చూపే కథనాలు కల్పితాలు. ఆయన రోజంతా రైలు ప్రయాణాలు, వీధి మూల సమావేశాలు, సంకేత లిపిలో టెలిగ్రాములు. అయినా దొరికితే శిక్ష ఒకటే.

ఆయన కార్యదర్శి డానియల్ కోర్దియే గురించి ఎందుకంత చెబుతారు?

1942 వేసవిలో ఇరవై ఒక్కేళ్ళ వయసులో లండన్ నుంచి పారాచ్యూట్‌తో దిగిన కోర్దియేను ములేన్ లియోన్‌లో తన దగ్గర పెట్టుకున్నాడు. టెలిగ్రాములను సంకేత లిపిలోకి మార్చడం, డబ్బు పంచడం, కొరియర్లను నడపడం ఇతని పని. యజమాని బతికున్నంతకాలం ఆయన అసలు పేరు ఇతనికి తెలియదు. కుడివాద కుటుంబం నుంచి వచ్చిన ఈ యువకుడు క్రమంగా అభిప్రాయాలు మార్చుకుని, యుద్ధం తరువాత చిత్రాల వ్యాపారి అయ్యాడు. ఆ అభిరుచి అంటించింది ములేనే. ములేన్ మీద ఆరోపణలు వచ్చినప్పుడు దాచిన పత్రాలన్నీ తవ్వి, జ్ఞాపకం కన్నా కాగితానికే విలువ ఇస్తూ బృహత్ జీవిత చరిత్ర రాశాడు. 2020 నవంబరులో, నూరేళ్ళు నిండాక మరణించాడు.

జాతీయ ప్రతిఘటన మండలి అంటే ఏమిటి? అది ఎందుకంత ముఖ్యం?

1943 మే 27న పారిస్‌లో, రూ ద్యు ఫూర్ వీధిలో 48వ నంబరు ఇంట్లో, ములేన్ అధ్యక్షతన తొలిసారి సమావేశమైన సంఘం ఇది. ఎనిమిది ప్రతిఘటన సంఘాలు, ఆరు రాజకీయ పక్షాలు, రెండు కార్మిక సంఘాలు తమ ప్రతినిధులను పంపాయి. కమ్యూనిస్టుల నుంచి సంప్రదాయ కుడి పక్షం దాకా ఉన్నారు. జర్మన్ పోలీసులు నిండిన నగరంలో అంతమంది ఒకే గదిలో చేరడమే పెద్ద సాహసం.

ఆ సమయంలో అమెరికా డీగాల్‌ను పక్కకు నెట్టి ఉత్తర ఆఫ్రికాలోని జనరల్ జిరోను ముందుకు తేవాలని చూస్తోంది. దేశం లోపలి నుంచి ఇన్ని పక్షాలు డీగాల్ నాయకత్వాన తాత్కాలిక ప్రభుత్వం కావాలని తీర్మానించడంతో ఆ ఎత్తు బలహీనపడింది. ములేన్ లేని కాలంలో, 1944 మార్చి 15న, ఇదే మండలి ఆమోదించిన కార్యక్రమంలో సామాజిక భద్రత, కీలక పరిశ్రమల జాతీయీకరణ ఉన్నాయి. యుద్ధం తరువాతి ఫ్రాన్సు సంక్షేమ వ్యవస్థకు అది మూలపత్రం.

## అరెస్టు, మరణం

కలూయిర్‌లో ఏం జరిగింది?

1943 జూన్ 9న జనరల్ దెలెస్త్రాన్ పారిస్‌లో పట్టుబడ్డాడు. ఆయన స్థానంలో తాత్కాలికంగా ఎవరిని పెట్టాలో తేల్చడానికి జూన్ 21 మధ్యాహ్నం లియోన్ శివారు కలూయిర్‌లో, డాక్టర్ ద్యుగుజోన్ ఇంట్లో సమావేశం పెట్టుకున్నారు. రోగుల రాకపోకలుండే ఇల్లు కాబట్టి కొత్త ముఖాలు కనిపించినా ఎవరికీ అనుమానం రాదు. ములేన్, రేమండ్ ఓబ్రాక్, కర్నల్ ష్వార్జ్‌ఫెల్డ్ బాగా ఆలస్యంగా వచ్చారు. పనిమనిషి వారిని రోగులనుకుని కింది అంతస్తు వెయిటింగ్ రూములో కూర్చోబెట్టింది. మిగిలినవారు మేడ మీద ఉన్నారు. కొద్ది నిమిషాలకే లియోన్‌లోని గెస్టాపో (జర్మన్ రహస్య పోలీసు) అధికారి క్లాస్ బార్బీ మనుషులు ఇంట్లోకి దూసుకొచ్చారు. ములేన్ దగ్గర కీళ్ళనొప్పులకు చూడమని మరో డాక్టరు రాసిన చీటీ ఉంది. నిజంగానే రోగినని చెప్పుకున్నాడు. అయినా అందరినీ బేడీలు వేసి తీసుకువెళ్ళారు.

ఆయన్ను పట్టించింది ఎవరు?

ఎక్కువమంది అనుమానం ప్రతిఘటన సభ్యుడైన రెనే ఆర్డీ మీదే. ఆయన్ను ఆ సమావేశానికి పిలవలేదు, మరో సభ్యుడు వెంటబెట్టుకుని వచ్చాడు. అంతకు రెండు వారాల ముందు రైల్లో జర్మన్లకు చిక్కి, బార్బీ విచారించి వదిలిపెట్టిన సంగతి తోటివారికి చెప్పలేదు. అరెస్టు రోజున అందరికీ బేడీలు వేసినా ఆయన ఒక్కడికి వేయలేదు, పరుగెత్తి తప్పించుకున్నాడు. 1947లో విచారించి నిర్దోషి అన్నారు. రైలు అరెస్టు బయటపడ్డాక 1950లో సైనిక న్యాయస్థానం రెండోసారి విచారించింది. ఏడుగురిలో నలుగురు దోషి అన్నా, నాటి నిబంధన ప్రకారం ఆ ఆధిక్యం చాలక మళ్ళీ విడుదలయ్యాడు. చట్టం దృష్టిలో ఆయన నిర్దోషి. పై వాస్తవాలు మాత్రం వాస్తవాలే.

చిత్రహింసల్లో ఏమైనా చెప్పేశాడా?

చెప్పలేదు. జాతీయ మండలి సభ్యులందరి పేర్లూ, డబ్బు మార్గాలూ, వైర్‌లెస్ ఏర్పాట్లూ ఆయనకు తెలుసు. ఆయన నోరు విప్పి ఉంటే ఆ నిర్మాణం మొత్తం కూలిపోయేది. మండలి పని ఆగలేదు, అధ్యక్షుడిగా జార్జ్ బిదో వచ్చాడు.

జూన్ 24న మోంలూక్ జైలులో జరిగిన ఒక సంఘటనను క్రిస్టియన్ పినో చెప్పాడు. ఈయన మరో ప్రతిఘటన నాయకుడు, జైలులో తోటి ఖైదీలకు క్షవరం చేసే పని ఇతనికి అప్పగించారు. సాయంత్రం ఆవరణలో బల్ల మీద పడివున్న ఒక మనిషికి గడ్డం గీయమన్నారు. కళ్ళు లోపలికి పోయి, కణత మీద గాయంతో స్పృహ తప్పి ఉన్న ఆ మనిషి ములేన్ అని పినో గుర్తుపట్టాడు. కత్తి ఆనిస్తూ ఉండగా ములేన్ కళ్ళు తెరిచి నీళ్ళు అడిగాడు, కాసిని తాగి మళ్ళీ స్పృహ కోల్పోయాడు. పినో తరువాత ఫ్రాన్సు విదేశాంగ మంత్రి అయ్యాడు.

ఎక్కడ చనిపోయాడు?

లియోన్ నుంచి పారిస్ పక్కన నయీలోని గెస్టాపో భవనానికి, అక్కడి నుంచి రైల్లో జర్మనీకి తరలిస్తుండగా మరణించాడు. జర్మన్ మరణ పత్రంలో స్థలం ఈశాన్య ఫ్రాన్సులోని మెస్ నగరం అని, తేదీ 1943 జులై 8 అని ఉంది.

ఆ రోజు పట్టుబడిన మిగతావారు ఏమయ్యారు?

రేమండ్ ఓబ్రాక్‌ను భార్య లూసీ, గర్భవతిగా ఉండి కూడా, 1943 అక్టోబరు 21న సాయుధ బృందంతో జైలు వ్యాను మీద దాడి చేయించి విడిపించింది. బ్రూనో లారా, ష్వార్జ్‌ఫెల్డ్ నిర్బంధ శిబిరాల్లో చనిపోయారు. డాక్టరు కొన్ని నెలల తరువాత విడుదలయ్యాడు. ముందే పట్టుబడిన దెలెస్త్రాన్‌ను 1945 ఏప్రిల్ 19న, శిబిరానికి విముక్తి రావడానికి కొద్ది రోజుల ముందు, డాహౌలో చంపారు.

## తరువాతి కాలం

పాంథియోన్‌లో ఉన్నవి నిజంగా ఆయన అస్థికలేనా?

ఫ్రాన్సు తన మహనీయుల అస్థికలను ఉంచే పారిస్ స్మారక భవనం పాంథియోన్. అక్కడ ఉన్నవి ఆయనవిగా భావించేవి. పారిస్‌లోని పెర్ లషేజ్ శ్మశానంలో దహనమైన ఒక గుర్తుతెలియని దేహపు బూడిద అది. రాజ్యం కూడా అధికారికంగా ‘భావించే’ అన్న మాటనే వాడుతుంది. 1964 డిసెంబరు 19న డీగాల్ సమక్షంలో, గడ్డకట్టే చలిలో, సాంస్కృతిక మంత్రి ఆంద్రే మాల్రో చేసిన ప్రసంగంతో పాంథియోన్‌కు చేర్చారు. అప్పటిదాకా సామాన్య జనంలో అంతగా తెలియని పేరు ఆ రోజు నుంచి ఇంటింటి పేరైంది.

ములేన్ హత్యకు బార్బీకి శిక్ష పడిందా?

నేరుగా పడలేదు. బొలీవియాలో దాక్కున్న బార్బీని 1983లో ఫ్రాన్సుకు తెచ్చినా, యుద్ధ నేరాలకు కాలపరిమితి అప్పటికే దాటిపోయింది. కాలపరిమితి లేని మానవజాతిపై నేరాల కింద, ఇజియు ఆశ్రమం నుంచి 44 మంది యూదు పిల్లలను పట్టించి పంపడం లాంటి అభియోగాలపై 1987 జులైలో యావజ్జీవ శిక్ష వేశారు. 1991లో లియోన్‌లో ఖైదీగా చనిపోయాడు.

ఆయన రహస్య కమ్యూనిస్టు అని కొందరంటారే?

యుద్ధం తరువాత ఈ ఆరోపణను మొదట బలంగా చేసింది ఫ్రెనే. పియర్ కోతో స్నేహం, స్పెయిన్‌కు సాయం ఆధారంగా చూపించాడు. డీగాల్ వైపు నిలిచి, కమ్యూనిస్టుల సాయుధ స్వతంత్రతను కూడా అదుపులో పెట్టాలని చూసిన మనిషికి ఈ ముద్ర అతకదు. పత్రాలు కూడా దానికి మద్దతు ఇవ్వవు. ఆయన వామపక్ష గణతంత్రవాది, అంతే.

నూర్ ఇనాయత్ ఖాన్ ఆయనతో కలిసి పనిచేసిందా?

లేదు. నూర్ బ్రిటిష్ రహస్య సంస్థకు చెందిన వైర్‌లెస్ ఆపరేటరు, ములేన్ డీగాల్ ప్రతినిధి. రెండూ వేర్వేరు వ్యవస్థలు. ములేన్ పట్టుబడటానికి కొద్ది రోజుల ముందే, 1943 జూన్ మధ్యలో, ఆమె ఫ్రాన్సులో దిగింది. అదే ఏడాది అక్టోబరులో పట్టుబడింది, 1944 సెప్టెంబరులో డాహౌలో ఆమెను చంపారు. తెలుగు పాఠకులకు ఆసక్తి కలిగించే విషయం ఒకటుంది: ఆమె తండ్రి, సంగీతకారుడు ఇనాయత్ ఖాన్ సూఫీ గురువు దగ్గర శిష్యరికం చేసింది హైదరాబాదులోనే.

అప్పట్లో ఫ్రెంచి పాలనలో ఉన్న యానాం ఎటువైపు నిలిచింది?

పుదుచ్చేరి, యానాం తదితర ఫ్రెంచి స్థావరాలు 1940 సెప్టెంబరులోనే గవర్నరు బోన్వాన్ నిర్ణయంతో డీగాల్ పక్షాన చేరాయి. అంటే ములేన్ లండన్ చేరకముందే గోదావరి తీరంలో విషీకి వ్యతిరేకంగా ఫ్రెంచి జెండా ఎగురుతోంది.

ఫ్రాన్సు వెళితే ఏమేం చూడవచ్చు?

పారిస్‌లో దాంఫెర్ రొషెరో కూడలి దగ్గర ఆయన పేరు కూడా ఉన్న విమోచన మ్యూజియం ఉంది, 2019 నుంచి అక్కడ నడుస్తోంది. లియోన్‌లో మోంలూక్ జైలు, కలూయిర్‌లో డాక్టరు ఇల్లు స్మారకాలుగా తెరిచి ఉన్నాయి. ఆయన సేకరించిన, గీసిన చిత్రాలు బెజియే మ్యూజియంలో ఉన్నాయి, వాటిని అక్క లోర్ ఇచ్చింది. కలూయిర్ వెళ్ళేవారు తెరిచివుండే వేళలు ముందుగా కనుక్కుని వెళ్ళడం మంచిది. అది చిన్న ఇల్లు, ఒకసారికి కొద్దిమందికే చోటుంటుంది.